ప్రాంప్టర్ గూటిలోంచి

అతని ముఖం కంటే ముందు
అతని బూట్లు తెలుసు నాకు.
వేదిక అంచున, డిప్పలాంటి చెక్క కప్పు కింద
మెడదాకా నేలలో పాతిన మనిషిలా
ముప్పై ఒక్క సీజన్లు కూర్చున్నాను,
పెర్మ్ నగరపు ఒపేరా హాల్లో.
పాడేవాడి నోటికి అరక్షణం ముందు
మాట అందించడమే నా కొలువు.

తీఖన్ సావిచ్ బుర్మాకిన్.
మా చెవులకి ఆ పేరు
"సద్దు చెయ్యకు" అన్నట్టే ఉంటుంది.
సొలికామ్‌స్క్ ఉప్పు గని కార్మికుడి కొడుకు.
మొదటి రిహార్సల్‌కి నాన్న బూట్లతో వచ్చాడు,
కుట్ల సందుల్లో ఇంకా తెల్లటి పొడి.
నోరు తెరిచాడు.
నా దీపం మీది రేకు మూత సన్నగా మోగింది.
పైనుంచి రాలేదా గొంతు,
పలకల్లోంచి, నా మోకాళ్లలోంచి వచ్చింది.

టెనర్‌కి పిల్ల దక్కుతుంది.
బేస్‌కి కిరీటమో, కనీసం గడ్డమో దక్కుతుంది.
బారిటోన్‌కి మిగిలేది
అసూయ, పిస్తోలు, ఆఖరి అంకంలో పశ్చాత్తాపం.
ఎన్నిసార్లు చంపారో అతణ్ణి!
నూట తొంభై దాకా లెక్కపెట్టి మానేశాను.
ఎప్పుడు చచ్చినా నా వైపే తల పెట్టి పడేవాడు,
తెర దిగేలోపు, పెదవి కదలకుండా:
"అగ్నియా, క్యాంటీన్లో సాసేజ్ మిగిలిందంటావా?"

యాభై ఎనిమిదిలో
లెనిన్‌గ్రాద్ నుంచి సినిమావాళ్లొచ్చారు.
ముఖం అక్కర్లేదన్నారు,
స్ఫోటకపు మచ్చలు, ఒకసారి విరిగి అతుక్కున్న ముక్కు.
గొంతు చాలన్నారు.
మూడు రాత్రులు, వేడి రాని స్టూడియోలో
ఓవర్‌కోటు విప్పకుండా పాడి వచ్చాడు.
తెరమీద అందగాడొకడు
ఆ పాటకి నోరు తెరిచి మూశాడు,
గట్టున పడ్డ చేప మాదిరి.

మా ఊళ్లో ఆ సినిమా ఆడినప్పుడు
అతని పక్క సీటు నాది.
వెనక వరసలో ఒకమ్మాయి వెక్కి వెక్కి ఏడుస్తూ
"ఆ కళ్లలోనే ఉంది గొంతంతా" అంది.
తీఖన్ వెనక్కి తిరిగి
తన చేతిరుమాలు ఇచ్చాడు ఆ పిల్లకి.
చివర పేర్లు పడేవేళ జనం లేచారు.
అతని పేరు వెళ్లి
ఎవరిదో కుందేలు తోలు టోపీ మీద పడి
చెవి దగ్గర మడతపడి పోయింది.

తర్వాత పదకొండేళ్లకి, ఫిబ్రవరిలో,
కామా నది అడుగుదాకా గడ్డకట్టిందని జనం చెప్పుకున్న ఏడు,
మూడో అంకం మధ్యలో
వంగి నా గూటిలోకి చూశాడు.
మాట ఇచ్చాను. మళ్లీ ఇచ్చాను.
మాట కాదు అతనికి కావలసింది.
స్వరం నా పుస్తకంలో ఎక్కడుంది, అందించడానికి?
వాద్యబృందం ఆగలేదు,
ప్లాట్‌ఫాం మీద మనిషిని వదిలి కదిలిన రైలులా
వెళ్లిపోయింది.

రెండు చలికాలాలు
అదే హాల్లో కోట్లు తీసుకుని టోకెన్లిచ్చాడు.
అక్కడే చూసింది అతణ్ణి
స్వెర్ద్‌లోవ్‌స్క్ నుంచి వచ్చిన ఓ కుర్ర దర్శకురాలు.
ఈసారి ముఖమే కావాలట.
మూగ పడవవాడి వేషం.
"నువ్వూ రా, అగ్నియా."
"అందించడానికి మాటల్లేవు కదా!"
"అందుకే, భయంగా ఉంది."

వెళ్లాను.
కెమెరా పక్కన, విల్లో పొదలో
ఒళ్లో ఖాళీ నోటుబుక్కుతో కూర్చున్నాను, దోమలు కుడుతుంటే.
పడవలో కొడుకు శవం.
అతను తెడ్డు పక్కన పెట్టాడు.
పక్కటెముకలు ఒక్కొక్కటే విచ్చుకున్నాయి.
ఆ ఊపిరి నాకు తెలుసు,
మూడో అంకం ఊపిరి.
నోరు తెరిచాడు.
నీళ్లు పడవను తట్టే చప్పుడు తప్ప
ఏమీ లేదు.
నా పెదాలు కదిలాయని తర్వాత ఎవరో చెప్పారు.

నిన్న రాత్రి టీవీలో వేశారది.
అతను పోయి తొమ్మిదేళ్లు.
ఆ నోరు తెరవగానే పక్కింటి రయీసా
పెట్టె చెడిందనుకుని
సౌండు మీట చివరికంటా తిప్పింది.
తగ్గించమన్నాను.
గోడ అవతల పసిపిల్ల నిద్రపోతోంది.